బాబ్ మార్లే

వెస్టిండీసు దీవులలో జమైకా యొకటి. అందు సెయింట్ ఆన్ మండలమునందలి నైన్ మైల్ అను కొండపల్లెలో 1945వ సంవత్సరము ఫిబ్రవరి 6వ తేదీన రాబర్ట్ నెస్టా మార్లే జన్మించెను. తండ్రి తెల్లజాతివాడు, తల్లి సెడెల్లా నల్లజాతి స్త్రీ. తండ్రి ఇల్లు విడిచి దూరముగా నుండుటచే తల్లియే బిడ్డను పెంచెను. వారు కింగ్‌స్టన్ నగరము చేరి ట్రెంచ్‌టౌన్ అను పేదలవాడలో కాపురముండిరి. బాలుడు బడి చాలించి కొంతకాలము వెల్డింగు పని నేర్చెను గాని, అతని మనస్సు పాటయందే లగ్నమై యుండెను. 1963లో పీటర్ టాష్, బన్నీ లివింగ్‌స్టన్ అను మిత్రులతో గూడి వెయిలర్సు అను గాయకబృందమును స్థాపించెను. వెయిలర్సు అనగా విలపించువారని యర్థము.

ఆ దశాబ్దాంతమున జమైకాలో రెగే అను సంగీతము పుట్టెను. తాళమున మొదటి దెబ్బను తేలికగా విడిచి మూడవ దెబ్బపై బరువుంచుట అందలి యొక రీతి. ఆఫ్రికానుండి బానిసలుగా కొనిరాబడిన పూర్వుల బాధయు, పేదల కష్టములును, దైవన్యాయముపై నమ్మికయు దాని ప్రధాన విషయములు.

1976లో ఎన్నికల కాలమున రెండు రాజకీయ కక్షలవారు వీధులలో ఒకరినొకరు చంపుకొనుచుండిరి. శాంతికొరకు ఉచితముగా పాడుటకు మార్లే సమ్మతించెను. సభకు రెండు దినములు ముందుగా, డిసెంబరు 3వ తేదీ రాత్రి, దుండగులు అతని యింట జొరబడి తుపాకులు కాల్చిరి. అతడును, భార్య రీటాయు, మరికొందరును గాయపడిరి. అయినను 5వ తేదీన కట్టుతోడనే వేదిక నెక్కి వేలాది జనులయెదుట పాడెను.

పిమ్మట లండనులో నుండి ఎక్సొడస్ అను రికార్డును సిద్ధపరచి 1977 జూనులో వెలువరించెను. ఎక్సొడస్ అనగా నిర్గమము. ఐగుప్తు దాస్యమునుండి ఇశ్రాయేలీయులు బయలుదేరిన కథ అతనికి తన జాతి కథగా తోచెను. అందు పది పాటలు గలవు. మొదటి ప్రక్కనున్న ఐదును అన్యాయమును, తీర్పును, ప్రయాణమును గూర్చినవి. రెండవ ప్రక్క ఉల్లాసమును, ప్రేమను, ధైర్యమును పలికి, మానవులందరి యైక్యమును గోరు పాటతో ముగియును. తుపాకిగుండు తగిలినవాడు తుదకు చేరిన స్థలము అదియే.

1978 ఏప్రిల్ 22వ తేదీన కింగ్‌స్టన్ సభలో అతడు విరోధులగు మైకేల్ మాన్లీ, ఎడ్వర్డ్ సియాగాలను వేదికపైకి బిలిచి వారి చేతులు కలిపెను. కలహములు అంతటితో అణగలేదు. 1980 ఎన్నికలలో మరల రక్తము ప్రవహించెను. అయినను ఆ కలిసిన చేతులను జనులు మరువలేదు. 1980 ఏప్రిల్‌లో జింబాబ్వే స్వాతంత్ర్యోత్సవమునను అతడు పాడెను.

అప్పటికే కాలివ్రేల బుట్టిన కేన్సరు దేహమును క్షీణింపజేయుచుండెను. 1981 మే 11వ తేదీన, ముప్పదియారవ యేట, మయామీ నగరమున మరణించెను. పుట్టిన పల్లెయందే సమాధి చేయబడెను. 1999లో టైమ్ పత్రిక ఎక్సొడస్‌ను ఆ శతాబ్దపు ఉత్తమ రికార్డుగా నెంచెను.

విద్యార్థులారా! అన్యాయమును అన్యాయమని చెప్పుటకు ధైర్యము కావలెను. చెప్పిన పిమ్మట పగను విడిచి ప్రేమతో ముగించుటకు అంతకంటె గొప్ప ధైర్యము కావలెను. ఈ రెండును ఒక్క రికార్డునకు రెండు ప్రక్కలుగా నిలిపినవాడు మార్లే.