చేపలమ్మిన ప్రధాని

కొల్లేటికోటలో పుట్టినవాడికి చేపల బుట్ట మోయడం కొత్త కాదు. ఘనా తొలి ప్రధాని క్వామే ఎన్‌క్రుమా కూడా మోశారు. 1935లో చదువు కోసం అమెరికా వెళ్లారు. చేతిలో డబ్బుల్లేక సెలవుల్లో న్యూయార్క్ హార్లెం వీధుల్లో చేపలమ్మారు. చేపలు ముట్టుకుంటే ఒంటి నిండా దద్దుర్లు! సబ్బుల ఫ్యాక్టరీలో చేరితే అక్కడ కంపు ఇంకా ఎక్కువ. అయినా 1939లో డిగ్రీ పూర్తిచేశారు.

1947లో లండన్‌లో ఉండగా సొంత దేశం గోల్డ్ కోస్ట్ నుంచి పిలుపొచ్చింది, కొత్త పార్టీకి కార్యదర్శి ఉద్యోగం. రెండేళ్లకే విడిపోయి సొంత పార్టీ పెట్టారు. 1951లో జైల్లో ఉండే ఎన్నిక గెలిచారు. 1957 మార్చి 6న స్వాతంత్ర్యం, ఘనా అనే కొత్త పేరు. (పరీక్షల్లో పొరబడొద్దు: పాత ఘనా సామ్రాజ్యం ఇప్పటి మాలి, మౌరిటానియాల్లో ఉండేది.)

కరెంటు కోసం ఓల్టా నదిపై అకోసోంబో డ్యామ్ కట్టించారు. దాని వెనక సరస్సు సుమారు 8,500 చదరపు కిలోమీటర్లు. మన కొల్లేరు అభయారణ్యం 308. దాదాపు 80,000 మంది ఊళ్లు వదిలారు. కరెంటులో పెద్ద వాటా అమెరికా కంపెనీల అల్యూమినియం ఫ్యాక్టరీకి చౌకగా వెళ్లింది.

1958లో విచారణ లేకుండా జైల్లో పెట్టే చట్టం తెచ్చారు. ఆయనకు ఉద్యోగమిచ్చిన పార్టీ నేత డాంక్వా 1965లో ఆ జైల్లోనే చనిపోయారు. డ్యామ్ ఎంత గొప్పదైనా దీన్ని మాత్రం నేను మాఫీ చేయలేను.

1966 జనవరిలో డ్యామ్ ప్రారంభం. ఫిబ్రవరి 24న, ఆయన విదేశీ పర్యటనలో ఉండగా, సైన్యం గద్దె దించింది. గినీలో తలదాచుకున్నారు. 1972లో బుకారెస్ట్‌లో కన్నుమూశారు. ఆ సరస్సులో ఇప్పుడు వలపంజరాల్లో తిలాపియా పెంచుతున్నారు.