నమ్మకము సంపాదించిన పరదేశి

ధ్యానమునకు: సామెతలు 11:1, యోహాను 1:14

ప్రియులారా, కోరుకొండ మీదుగా గోకవరము, రంపచోడవరము పోవు బాట ఎరిగిన మనకు మన్యపు ప్రజలు కొత్తవారు కారు. వారిని మనము ఎరుగుదుము గాని, వారు మనలను నమ్ముదురా? వారి నమ్మకము సంపాదించిన ఒక పరదేశిని జ్ఞాపకము చేసికొందము.

క్రిస్టఫ్ ఫాన్ ఫ్యూరర్ హైమన్‌డార్ఫ్ 1909లో వియన్నా పట్టణమున పుట్టెను. ఆయన బోధకుడు కాడు, పండితుడు. 1939లో యుద్ధము వచ్చినప్పుడు జర్మనీ పాసుపోర్టు ఉన్నందున శత్రుదేశస్థుడుగా ఎంచబడి, నైజాము రాజ్యములోనే ఉండవలసినవాడాయెను. ఆయన ఆ కాలమును వ్యర్థపుచ్చలేదు. భార్య బెట్టీతో కూడ మొదట చెంచుల మధ్యను, 1941లో పాపికొండల కొండరెడ్ల మధ్యను నివసించెను.

అక్కడ ఆయన చూచినదేమి? కొండరెడ్డి వెదురును కలపను నరికి గోదావరికి చేర్చును. లెక్క మాత్రము వర్తకుని పుస్తకములో ఉండును. చదువురాని కూలివాడు ఎంత కష్టపడినను అప్పు తీరదు. హైమన్‌డార్ఫ్ ఈ సంగతులు వ్రాసి ప్రభుత్వము ఎదుట పెట్టెను.

ఆదిలాబాదు అడవులలో గోండుల దుఃఖము ఇంకను గొప్పది. భూమికొరకు పోరాడిన కుమ్రం భీము 1940లో జోడేఘాటులో కాల్చబడెను. తరువాత గోండుల యొద్దకు వచ్చిన ఈ తెల్లదొరను వారేల నమ్మవలెను? ఆయన మార్లవాయి గూడెములో కాపురముండి, గోండి భాష నేర్చుకొనెను. దున్నుకొను భూమికి పట్టాలిప్పించుటకు పాటుపడెను. 1943లో అక్కడ గోండు ఉపాధ్యాయులకు శిక్షణ ఆరంభమాయెను; పిల్లలకు వారి భాషలోనే వాచకములు తయారాయెను.

ఆయన 1949 తరువాత లండనులో ఆచార్యుడుగా ఉండెను. పిమ్మట తిరిగి వచ్చి చూడగా, అనేకుల భూములు మరల పరుల పాలైయుండెను. ఆ అన్యాయమును దాచక 1982లో గ్రంథముగా ప్రకటించెను. బెట్టీ 1987లో మరణించగా ఆమెను మార్లవాయిలోనే సమాధి చేసిరి. ఆయన 1995లో లండనులో మరణించెను. ఆయన అస్థికలును ఆమె ప్రక్కనే ఉన్నవి. పరదేశియైనవానికి గోండులు తమ నేలలో చోటిచ్చిరి.

ప్రియులారా, ఒకరి మధ్య నివసింపక వారి నమ్మకము దొరకదు. న్యాయము చేయక అది నిలువదు. మన్యపు సోదరుడు చింతపండు మన వాకిట దింపినప్పుడు మన త్రాసు సరిగా తూగుచున్నదా? అతని కాగితము అతనికి చదివి వినిపించితిమా? ఈ నెల మనలను మనము పరీక్షించుకొందము.