శ్రీమతి కామినీ రాయ్

వంగదేశమున బాకర్‌గంజ్ జిల్లాలో బాసండా యను గ్రామము కలదు. ఆ ప్రాంతము నేడు బంగ్లాదేశ్‌లో చేరియున్నది. కామినీదేవి 1864వ సంవత్సరము అక్టోబరు 12వ తేదీన అచ్చట జన్మించెను. తండ్రి చండీచరణ్ సేన్ న్యాయాధిపతి, గ్రంథకర్త, బ్రహ్మసమాజమున చేరినవాడు. ఇట్టి యింట బుట్టిన బాలికకు చదువు సులభముగా లభించియుండునని మనము తలంతుము. కాని ఆడుపిల్ల కలము పట్టుట యింటికి కీడని పెద్దలనేకులు నమ్మిన కాలమది. అందుచేత తల్లి తన బిడ్డకు తొలి యక్షరములను ఇతరుల కంటబడకుండ రహస్యముగా నేర్పవలసి వచ్చెను. తాతగారు మాత్రము మనుమరాలిని చెంత గూర్చుండబెట్టుకొని స్తోత్రములును పద్యములును వల్లింపజేయుచుండెడివారు. ఎనిమిదవయేటనే ఆ బాలిక పద్యములు కట్ట నారంభించెను.

పిమ్మట ఆమె కలకత్తాలోని బెథూన్ పాఠశాలలో చేరెను. 1849లో బాలికలకొరకు స్థాపింపబడిన విద్యాలయమిది. గణితమున ఆమెకు మంచి నేర్పుండెడిది. అయినను మనస్సు సంస్కృతమువైపు మరలెను. అచ్చట ఆమెతో చదివినవారిలో అబలా దాస్ ఒకతె. వైద్యవిద్య నభ్యసింపగోరిన ఈ అబల, కలకత్తా వైద్యకళాశాల స్త్రీలను చేర్చుకొననందున, 1882లో మన మదరాసునకు వచ్చి చదివెను. తరువాత ఈమెయే శాస్త్రజ్ఞుడైన జగదీశచంద్ర బోసుగారి భార్య యయ్యెను. 1883లో సురేంద్రనాథ్ బెనర్జీగారిని ప్రభుత్వమువారు కారాగృహమున నుంచినప్పుడు బెథూన్ బాలికలు నల్లగుడ్డ ధరించి తమ నిరసనమును తెలిపిరి. వారికి ముందు నడచినవారిలో కామినీదేవి యుండెను.

1886లో ఆమె సంస్కృతమున ఆనర్సుతో బి.ఏ. పట్టమందెను. మన దేశమున ఆనర్సు పట్టము పొందిన తొలి స్త్రీలలో ఈమె యొకతె. ఆ సంవత్సరమే తాను చదివిన విద్యాలయమున ఉపాధ్యాయినిగా ప్రవేశించెను. ఆ కాలముననే చంద్రముఖీ బసు అను క్రైస్తవ విదుషీమణి బెథూన్ కళాశాలకు ప్రధానాధ్యాపిని యయ్యెను. పాఠములు చెప్పువారును స్త్రీలే, కళాశాలను నడపునదియు స్త్రీయే. కామినీదేవి తల్లి తలుపు మూసి అక్షరములు దిద్దించిన దినములకును దీనికిని నడుమ ఇరువది సంవత్సరములకంటె హెచ్చు గడువలేదు.

1889లో ఆమె మొదటి పద్యగ్రంథము 'ఆలో ఓ ఛాయా' వెలువడెను. వెలుగు నీడలని దాని యర్థము. ప్రసిద్ధకవి హేమచంద్ర బంద్యోపాధ్యాయుడు దానికి పీఠిక వ్రాసెను. ఆ గ్రంథమును మెచ్చినవారిలో కేదారనాథ్ రాయ్ అను ప్రభుత్వోద్యోగి యొకడు. 1894లో ఆయన ఆమెను వివాహమాడెను.

వివాహానంతరము ఆమె రచన మిక్కిలి తగ్గెను. ఏల వ్రాయుట లేదని అడిగినవారికి తన బిడ్డలే తన కవితలని ఆమె బదులు చెప్పెడిదట. ఈ మాటను చాలమంది మెచ్చుకొందురు. మాతృప్రేమను తక్కువచేయుట నా యుద్దేశము కాదు గాని, అంతటి కలము అన్ని యేండ్లు మూలనుండుట వంగసాహిత్యమునకు నష్టమనియే నాకు తోచుచున్నది. 1905లో బాలలకొరకు 'గుంజన్' అను పద్యములపుస్తకము వచ్చెను. 1909లో భర్త మరణించెను. ఏ బిడ్డలను తన కవితలనెనో వారిలో అశోకుడను కుమారుని మృత్యువు గొనిపోయెను. అప్పుడామె మరల కలము పట్టెను. 1914లో 'అశోక సంగీతము' ప్రకటింపబడెను. అది సానెట్ల సంపుటి. సానెట్టనగా పదునాలుగు పాదములకు మించరాని పద్యము. పొంగివచ్చు దుఃఖమును అంత యిరుకైన కొలతలో నిలుపుట సామాన్యమైన పని కాదు. మరుసటి యేడు వ్రాసిన 'అంబ' యను నాటకమునకు వస్తువు మహాభారతమునుండి గొన్నది. భీష్మునిచే కొనితేబడి, తుదకెవ్వరికిని కాకపోయిన ఆ కాశీరాజపుత్రిక కథ మన బాలబాలికలకు తెలియనిది కాదు.

ఇంటి దీపమారిన పిమ్మట ఆమె వెలుపలి పనికి పూనుకొనెను. 1921లో మదరాసు శాసనసభవారు స్త్రీలకు వోటుహక్కు నొసగిరి. బ్రిటిషిండియా రాష్ట్రములలో మనదే మొదటిది. ఆ సంవత్సరమే వంగరాష్ట్ర శాసనసభవారు అట్టి తీర్మానమును త్రోసిపుచ్చిరి. కామినీదేవియు, కుముదినీ మిత్ర, మృణాళినీ సేన్ మున్నగు స్త్రీలును 'బంగీయ నారీసమాజము' పక్షమున పనిచేసి పట్టు విడువకుండిరి. 1925లో హక్కు లభించెను. 1926 ఎన్నికలలో వంగస్త్రీలు మొదటిసారి వోటు వేసిరి. అదియు అందరికి కాదు, కొన్ని యర్హతలు గలవారికి మాత్రమే. ఈ నడుమ 1922-23లో, పనిచేసి బ్రతుకు స్త్రీల స్థితిగతులను విచారించుటకై యేర్పడిన సంఘమున ఆమె సభ్యురాలుగా నుండెను.

ఆమె చెల్లెలు జామినీ సేన్ కథ వేరుగ వ్రాయదగినది. ఆమె వైద్యురాలై నేపాళ రాజకుటుంబమునకు చికిత్స చేసెను. 1912లో గ్లాస్గో వైద్యసంఘమున ఫెలోగా చేరిన మొదటి స్త్రీ యయ్యెను.

1929లో కలకత్తా విశ్వవిద్యాలయమువారు కామినీదేవికి జగత్తారిణీ పతకము నిచ్చిరి. 1930లో ఆమె వంగసాహిత్య సమ్మేళనమున అధ్యక్షత వహించెను. ఈ గౌరవములకంటె 1923లో జరిగిన యొక చిన్న సంగతి నాకెక్కువ ప్రియము. ఆ యేట ఆమె బారిసాల్ పట్టణమునకు వెళ్లెను. అచ్చట సూఫియా అను ముసల్మాను బాలిక యుండెను. పండ్రెండేండ్లది. బడికి పోయి చదువు అవకాశములేని యింటిలో, తల్లి చలువవలన బంగాళీ నేర్చుకొన్నది. కామినీదేవి ఆ పిల్లను చేరదీసి, వ్రాయుము, మానవద్దని ప్రోత్సహించెను. ఆ బాలికయే పిమ్మట సూఫియా కమాల్ అను పేర వంగభాషలో గొప్ప కవయిత్రి యయ్యెను.

కామినీదేవి 1933వ సంవత్సరము సెప్టెంబరు 27వ తేదీన హజారీబాగులో కన్నుమూసెను. అప్పుడామె వయస్సు అరువదియెనిమిది.