బాలవీరుడు జాక్ కార్న్‌వెల్
1916వ సంవత్సరము మే 31న ఉత్తరసముద్రమున ఆరంభమైన జట్లండు యుద్ధములో ఆంగ్లేయులు 14 యుద్ధనౌకలను, 6,000కు మించిన నావికులను కోల్పోయిరి. మునుగక మరలివచ్చిన చెస్టరు నౌకలోని యొక బాలుని గూర్చియే మేము వ్రాయుచున్నాము.

జాక్ కార్న్‌వెల్ 1900లో లండను చెంత లేటనునందు బీదకుటుంబమున జన్మించెను. ఫిరంగికి గురి యమర్చుట అతని పని. తోడివారు చుట్టును కూలినను, తన రొమ్మున ఇనుపతునకలు నాటినను, ఆజ్ఞకై ఎదురుచూచుచు తన తావుననే నిలిచెను. జూను 2న గ్రిమ్స్‌బీ వైద్యశాలలో మరణించెను. పదునాఱేండ్లవాడు, మా పాఠశాలలో ఆ యీడువారు బంతులాడుచున్నారు!

మొదట ఉమ్మడి సమాధిలో నుంచిరి. జూలైలో వెలికిదీసి సైనికలాంఛనములతో మరల సమాధిచేసిరి. మరణానంతరము లభించిన విక్టోరియా క్రాసును తల్లి నవంబరులో ఐదవ జార్జి రాజునుండి అందుకొనెను. ఆమె 1919లో లేమియందే కన్నుమూసెను.