పిడుగుకు దారి చూపిన బెంజమిన్ ఫ్రాంక్లిన్

వైశాఖమాసపు సాయంకాలాల్లో హార్స్‌లీ కొండ మీద నల్లని మబ్బు కమ్ముకొని ఉరుములు ఆరంభమైతే, బి.కొత్తకోట చుట్టుపట్ల పల్లెల్లో గొర్రెలు తోలుకొనేవారు ఇండ్ల దారి పడతారు. ఆ కొండను ఏనుగు మల్లమ్మ కొండ అనే పెద్దలు, ఉరిమినప్పుడు అర్జునుని పేర్లు తలచుకొనడం మా చిన్ననాట మేము విన్నాము. ఆ భయం నిరాధారమైనది కాదు. 2018 ఏప్రిల్ 24న ఆంధ్రప్రదేశ్‌లో 13 గంటల వ్యవధిలోనే 36,749 పిడుగులు నమోదైనాయి. ఇట్టి పిడుగును నిరపాయంగా నేలలోనికి దించవచ్చునని మొట్టమొదట ఊహించి, ఆచరణలో పెట్టి చూపిన బెంజమిన్ ఫ్రాంక్లిన్ జీవితాన్ని గూర్చి విద్యార్థులకు నాలుగు మాటలు చెప్పదలచినాము.

మేము తెలుగు బోధించువారము. విద్యుచ్ఛాస్త్రంలో మాకు ప్రవేశం స్వల్పం. భౌతికశాస్త్ర శాఖలోని మిత్రులు దిద్దిపెట్టగా ఈ వ్యాసం ఇట్లా రూపొందినది. అయినా ఈ విషయమే ఎన్నుకొనడానికి ఒక కారణం కలదు. మేము చదువుకొనే రోజుల్లో మా పొరుగు పల్లెలో ఒక రైతు తెల్లవారుజామున మడికి నీళ్లు కట్టబోయి, తడి చేతితో స్టార్టరు పెట్టెను తాకి అక్కడికక్కడే ప్రాణం విడిచాడు. ఆ పెట్టెకు ఎర్తు తీగ లేకపోలేదు. బావి గట్టున గులకనేలలో మూరెడు లోతున పాతిన ఒక కడ్డీకి దానిని చుట్టి ఉంచారు. ఎర్తు ఉండి కూడా మనిషి ఎందుకు పోయాడన్న ప్రశ్న మమ్మల్ని చాలాకాలం వదలలేదు. దానికి సమాధానం వెదుకుతూ పోగా ఫ్రాంక్లిన్ ఎదురైనాడు.

ఆయన 1706 జనవరి 17న అమెరికాలోని బోస్టన్ నగరంలో జన్మించాడు. తండ్రి జోసయా కొవ్వొత్తులు, సబ్బులు చేసి అమ్ముకొని బతికేవాడు. పదిహేడుగురు సంతానంలో బెంజమిన్ పదిహేనవవాడు. బడిలో చదివినది రెండేండ్లు మాత్రమే. పన్నెండవ ఏట అన్న జేమ్స్ అచ్చుకూటంలో పనికి కుదిరి, అతనితో పొసగక పదిహేడవ ఏట ఫిలడెల్ఫియాకు పారిపోయాడు. అక్కడ అచ్చుపని చేసి, పత్రిక నడిపి, పంచాంగాలు ప్రకటించి, 1731లో చందాదారుల గ్రంథాలయం నెలకొల్పి, 1748 నాటికి వ్యాపారం నుండి విరమించుకోగలిగినంత సంపాదించాడు. ఈ భాగం ఆయన ఆత్మకథలో విపులంగా ఉన్నది. మన గ్రంథాలయంలో దొరికితే విద్యార్థులు తప్పక చదవవలెను.

విద్యుత్తు మీద ఆయన దృష్టి పడినది నలభై ఏండ్ల వయస్సులో. లండన్ మిత్రుడు పీటర్ కాలిన్సన్ పంపిన ఒక గాజు గొట్టం దానికి నాంది. గాజును రుద్ది విద్యుత్తు పుట్టించి, లైడెన్ జాడీ అనబడే గాజు పాత్రలో నిలువచేసి, దాని పోకడలను ఆయన పరిశీలించాడు. విద్యుత్తు ఒక వస్తువులో అధికమైతే ధనమనీ, కొరవడితే ఋణమనీ ఆయన పెట్టిన పేర్లే నేటికీ మన పాఠ్యగ్రంథాల్లో నిలిచినాయి.

1750 డిసెంబరు 23న జరిగిన సంఘటన ఒకటి చెప్పుకొనదగినది. విద్యుత్తుతో ఒక సీమకోడిని చంపి చూపించదలచి, రెండు పెద్ద జాడీలను నింపి, మిత్రులతో ముచ్చటలాడుతూ పరధ్యానంగా ఒక చేయి జాడీల పై తీగల మీద వేశాడు. రెండవ చేతిలో వాటి వెలుపలి పూతకు తగిలించిన గొలుసు ఉన్నది. విద్యుత్తు యావత్తూ ఆయన దేహం గుండా పోయింది. చప్పుడు తనకు వినబడలేదనీ, చేతులు మొద్దుబారి ఒళ్లంతా కంపించిందనీ, రొమ్ము నొప్పి మిగిలిందనీ రెండు రోజుల తరువాత బోస్టన్‌కు లేఖ వ్రాశాడు. తన అజాగ్రత్తకు సిగ్గుపడుతున్నట్లు దాచక ఒప్పుకొన్నాడు. మేము ఆయనను గౌరవించడానికి గాలిపటం కన్నా ఈ లేఖయే ఎక్కువ కారణం. రెండు లోహాలు వేర్వేరు విద్యుత్ స్థాయిలలో ఉండి, వాటి నడుమ మానవదేహం వంతెన అయితే ఏమగునో ఆయన తన శరీరం మీదనే తెలుసుకొన్నాడు.

మెరుపు కూడా ఈ విద్యుత్తేనని నిరూపించడానికి ఎత్తయిన కట్టడం మీద మొనదేరిన ఇనుప కడ్డీ నిలిపి చూడవలెనని ఆయన 1750లో ప్రతిపాదించాడు. ఫ్రాన్సు దేశంలో మార్లీ గ్రామాన దాలిబార్ అనే పండితుడు ఏర్పాట్లు చేయగా 1752 మే 10న ఆ ప్రయోగం ఫలించింది. ఆ వార్త అందకమునుపే, జూన్ మాసంలో, ఫ్రాంక్లిన్ పట్టు గాలిపటం ఎగురవేసి దారం కొసన కట్టిన తాళపుచెవి నుండి నిప్పురవ్వ తీశాడని ప్రసిద్ధి. మెరుపు గాలిపటం మీద పడిందని కొన్ని బొమ్మల్లో చూపుతారు. అది పొరపాటు. పడి ఉంటే ఆయన బతికేవాడు కాడు. మబ్బు క్రింది గాలిలోని విద్యుత్తు మాత్రమే తడిదారం వెంట దిగివచ్చింది. చేతిలో పట్టుకొన్న పట్టు రిబ్బను తడవకుండా ఆయన నీడపట్టున నిలబడ్డాడు.

ఇక కడ్డీ సంగతి. 1753వ సంవత్సరపు తన పంచాంగంలోనే ఇండ్లను పిడుగు నుండి కాపాడుకొనే విధం ప్రకటించాడు. ఇనుప కడ్డీ ఒక కొస తడినేలలో మూడు నాలుగు అడుగులు దిగవలెను, మరొక కొస ఇంటి శిఖరం మీద ఆరు లేక ఎనిమిది అడుగులు లేవవలెను. ఈ ఉపాయానికి ఆయన హక్కులు కోరలేదు, పైకం తీసుకొనలేదు. నేలలో పాతడమన్నది ఇందులో చివరి పని అనిపించును గాని, అసలు రక్షణ అంతా అక్కడనే ఉన్నది. 1753 ఆగస్టులో రష్యా రాజధాని సెయింట్ పీటర్స్‌బర్గులో రిచ్‌మన్ అనే ఆచార్యుడు పరిశోధన కొరకు కప్పు మీద నుండి గదిలోనికి కడ్డీ దింపి, క్రింది కొసను నేలకు కలుపక గాజుపాత్రలో నిలిపాడు. గాలివాన రాగా ఆ పరికరం వద్దకు వంగి చూస్తుండగా విద్యుత్తు ఆయన నుదుటి మీదికి దూకింది. ఆయన వెంటనే మరణించాడు. నేలదారి లేని కడ్డీ పిడుగును ఇంటిలోనికి పిలిచినదే అయింది.

నేలదారి ఉన్నా చాలదని మరి కొన్నాళ్లకు తేలింది. ఫిలడెల్ఫియాలో వెస్ట్ అనే వర్తకుని ఇంటి కడ్డీ మీద పిడుగు పడినప్పుడు ఇల్లు క్షేమంగా ఉన్నది గాని, కడ్డీ మొదట తడిసిన రాతిపరపు మీద రెండు మూడు గజాల మేర వెలుగు పరచుకొన్నట్లు చూచినవారు చెప్పారు. ఆ వేళ అక్కడ నిలబడినవారి గతి ఏమయ్యేదో ఊహించవచ్చును. 1767లో ఫ్రాంక్లిన్ వ్రాసిన వ్యాసంలో ఈ విషయం మీద శ్రద్ధ కానవస్తుంది. కడ్డీ తేమనేల తగిలేవరకు దిగవలెననీ, భూమిలోనే గోడకు ఆరు లేక ఎనిమిది అడుగుల దూరం అడ్డంగా సాగి మరల క్రిందికి వంగవలెననీ సూచించాడు. మేస్త్రీలు సయితం చదివి ఆచరించగల వ్రాత అది.

దైవనిర్ణయానికి అడ్డుపడరాదని ఆ కాలంలో కొందరు కడ్డీని నిరసించారు. 1755లో బోస్టన్‌లో భూకంపం రాగా, కడ్డీలు విద్యుత్తును నేలలో నింపడమే కారణం కావచ్చునని ఒక మతబోధకుడు వ్రాశాడు. వాన కూడా పైనుండే వస్తుంది, దానికి కప్పు వేసుకొనడం లేదా అన్నది ఫ్రాంక్లిన్ వాదన.

1772లో లండన్ రాయల్ సొసైటీ పర్‌ఫ్లీట్‌లోని మందుగుండు కొట్లకు రక్షణ సూచించడానికి ఒక సంఘం నియమించింది. ఫ్రాంక్లిన్ అందులో సభ్యుడు. కడ్డీలు పెట్టించారు. అయినను 1777 మేలో అక్కడి ఒక భవనం మీద పిడుగు పడి పిట్టగోడ మూల కొంత ఎగిరిపోయింది. పరిశీలించగా, రాళ్లను పట్టి ఉంచే ఒక ఇనుప బద్దె మీద పిడుగు పడినట్లు తేలింది. ఆ బద్దెకు కొద్ది అంగుళాల దూరంలో కడ్డీతో కలిసిన సీసపు రేకు ఉన్నది. రెంటికీ నడుమ లోహబంధం లేదు. ఆ సందును దాటడానికి పిడుగు గోడను పగులగొట్టుకొన్నది. బద్దెలన్నిటినీ సీసంతో కలిపి కడ్డీకి జతచేయవలెనని పరిశీలకులు సిఫారసు చేశారు. కడ్డీ మొన సూదిగా ఉండవలెనా, గుండుగా ఉండవలెనా అని పండితులూ రాజుగారూ కొట్లాడుకొన్నారు గాని, మా దృష్టిలో ఆ కొట్లాట కన్నా ఈ కొద్ది అంగుళాల సందే ముఖ్యమైనది.

ఇప్పుడు మా పొరుగు పల్లె స్టార్టరు పెట్టెకు వద్దాము. పిడుగు నేలను చేరితే దాని పని తీరుతుంది. మన ఇండ్ల కరెంటు అట్టిది కాదు. అది బయలుదేరిన ట్రాన్స్‌ఫార్మరుకే తిరిగి పోవలెను. పెట్టెలోపల తీగ తొడుగు చెడి రేకుకు తగిలితే, ఫ్యూజు కరిగేటంత కరెంటు తిరుగుదారిలో పారవలెను. ఎండిన గులకనేలలో మూరెడు కడ్డీకి నిరోధం 100 ఓములు అనుకొందాము. 230 వోల్టులను 100తో భాగిస్తే 2.3 ఆంపియర్లు. 15 ఆంపియర్ల ఫ్యూజుకు ఇది చీమ కుట్టినట్లయినా ఉండదు. ఫ్యూజు నిలిచే ఉంటుంది, పెట్టె రేకు దాదాపు 230 వోల్టులతో నిలిచే ఉంటుంది. ఆంపియరులో వేయింట ముప్పై వంతులు కొన్ని క్షణాలు గుండె మీదుగా పోయినా మనిషికి ప్రాణాపాయమే. ఆ రైతుకు ఎర్తు ఉన్నదన్న నమ్మకమే మిగిలింది.

అందువలన రెండు పనులు వేర్వేరుగా జరుగవలెను. పెట్టె, దాని తలుపు, మోటారు ఒళ్లు, నీళ్ల పైపు అన్నిటినీ దళసరి తీగతో ఒకదానికొకటి బిగించవలెను. అన్నీ ఒకే స్థాయిలో ఉంటే వాటిలో రెంటిని ఒకేసారి తాకిన మనిషి గుండా కరెంటు పోదు. తలుపు బందుల మీద రంగు ఉంటుంది గనుక తలుపుకు వేరే తీగ కావలెను. తరువాత తిరుగుదారి. అది ట్రాన్స్‌ఫార్మరు దాకా లోహంతో సాగితే కరెంటు ఉప్పొంగి ఫ్యూజు తక్షణం కరుగుతుంది. మట్టి మాత్రమే దారి అయితే, 30 మిల్లీ ఆంపియర్ల లీకుకే సరఫరాను తెంచే ఆర్.సి.సి.బి. పెట్టడమే గతి. మోటారు చట్రానికీ, స్టార్టరుకూ విడివిడిగా రెండేసి ఎర్తు కలుపులు ఉండవలెనని 1956 నాటి భారత విద్యుత్ నిబంధనలలోనే ఉన్నది. ఆ నిబంధనల స్థానే 2010లోనూ, 2023లోనూ కొత్తవి వచ్చినాయి. మా పల్లెల్లో రెండు కలుపులు ఉన్న పెట్టెలను మేము వేళ్ల మీద లెక్కించగలము.

ఫ్రాంక్లిన్ శేషజీవితం దేశచరిత్రలో కలిసిపోయింది. 1776 స్వాతంత్ర్య ప్రకటన మీద సంతకం చేశాడు. ఫ్రాన్సులో రాయబారియై 1783 సంధిని కుదిర్చాడు. ఆయన దోషరహితుడు కాడు. బానిసలను ఉంచుకొన్నాడు, తన పత్రికలో వారి అమ్మకపు ప్రకటనలు వేశాడు. అయితే 1787లో బానిసత్వ నిర్మూలన సంఘానికి అధ్యక్షుడై, మరణానికి రెండు నెలల ముందు దానిని రద్దు చేయుమని కాంగ్రెసుకు విన్నపం పంపాడు. 1790 ఏప్రిల్ 17న, ఎనభై నాలుగవ ఏట, ఫిలడెల్ఫియాలో కన్నుమూశాడు. అంత్యక్రియలకు ఇరువది వేల మంది వచ్చారని చెబుతారు.

మన కళాశాల మెయిన్ బోర్డు వెనుక ఎర్తు గుంత ఒకటి ఉన్నది. దాని మూత మీద పల్లేరు తీగలు అల్లుకొన్నాయి. వానలు రాకమునుపే దానిని తెరిపించి, బొగ్గూ ఉప్పూ ఉన్నవో లేవో చూపించి, నిరోధం కొలిపించి, నాలుగు బిందెల నీళ్లు పోయించవలసినదిగా కమిటీ పెద్దలకు ఈ సంచిక మూలంగా మనవి చేసుకొంటున్నాము. కొలిచే పని నేర్చుకొంటామని బి.ఎస్సీ. విద్యార్థులు ముందుకు వచ్చారు.