హష్మత్ జంగ్ కిర్క్‌పాట్రిక్

మన సీమ నిజాము ఏలుబడిలో నుండిన నాటి చరిత్ర యిది. 1764లో మద్రాసున జన్మించిన జేమ్స్ అకిలీజ్ కిర్క్‌పాట్రిక్, ఈస్టిండియా కంపెనీ పక్షమున హైదరాబాదులో రెసిడెంటు. 1798 సంధితో నిజామును కంపెనీకి లోబరచినవాడు ఆయనయే. నిజాము దర్బారు వేషభాషలను వలచి హష్మత్ జంగ్ బిరుదము నందినవాడును ఆయనయే. కులీన వంశజయగు ఖైరున్నిసా బేగమును ముస్లిము మతవిధి ననుసరించి పరిణయమాడెను. ఆయన విధేయత ఎవరియందని శంకించి గవర్నరు జనరల్ వెల్లెస్లీ విచారణ జరిపించెను. పదవి నిలిచినది.

1805లో పసిబిడ్డలిద్దరిని చదువులకై ఇంగ్లండునకు పంపిరి. ఆ అక్టోబరులోనే ఆయన కలకత్తాలో గతించెను. బేగము బిడ్డలను మరల చూడకయే 1813లో కన్నుమూసెను. ఇద్దరు దొరలను కొలిచినవాని ఋణమును ఆలుబిడ్డలు తీర్చిరి. ఆమె పరదాలో వసించిన కోఠీ రెసిడెన్సీ ఆవరణలో నేడు మహిళా విశ్వవిద్యాలయము వెలసి, ఆడుబిడ్డలు విద్య నభ్యసించుచున్నారు.