కీర్తిశేషులు కందుకూరి వీరేశలింగము పంతులుగారు

మన వార్షిక మహాసభా సంచికయందు పూర్వుల చరిత్రములను ప్రకటించుట పరిపాటి. ఈ వత్సరము పంతులుగారి చరిత్రమును వ్రాయ బూనితిమి. వారు మన నియోగి శాఖయందు జన్మించిరని మనము గర్వించుచున్నాము. కాని, మన పెద్దలు వారియెడ నడచిన తీరును మరుగుపరచి గర్వించుట ధర్మము గాదు. కావున రెండును జెప్పెదము.

పంతులుగారు 1848వ సంవత్సరము ఏప్రిల్ 16వ తేదీన రాజమహేంద్రవరమున సుబ్బారాయుడు, పూర్ణమ్మ దంపతులకు జన్మించిరి. పసితనముననే తండ్రి గతింపగా పెదతండ్రి వెంకటరత్నముగారు పెంచిరి. దేహము దుర్బలము, సంకల్పము వజ్రతుల్యము. కోరంగి, ధవళేశ్వరములందు ఉపాధ్యాయులై, పిమ్మట రాజమహేంద్రవరపు కళాశాలలో ఆంధ్రపండితులైరి. 1874లో ధవళేశ్వరమున బాలికా పాఠశాలను నెలకొల్పి, ఆ యేడే వివేకవర్ధని పత్రికను వెలువరించిరి.

తొలుత వారును మనవలెనే ప్రౌఢకావ్యమార్గమున నడచినవారే. పెదవులు తగులని యక్షరములతో నలచరిత్రమును గూర్చిన విద్వాంసులు. అట్టివారు బాలురకొరకు, స్త్రీలకొరకు సులభవచనమునకు దిగివచ్చిరి. చిన్నయసూరి మిత్రలాభ మిత్రభేదములను మాత్రమే రచింపగా, సంధి విగ్రహములను వీరు తెలుగు చేసిరి. ఈసపు కథలను నీతికథామంజరి యను పేర పిల్లలకందించిరి. బడిలో చిరకాలము పాఠములు చెప్పిన మాకు ఇది యెంత కష్టమో తెలియును. పండితుల మెప్పించుట తేలిక, పసివాని చెవి నిలుపుట దుర్లభము.

రాజశేఖరచరిత్రము 1878లో పత్రికయందు వెలువడి 1880లో గ్రంథమాయెను. గోల్డుస్మిత్తు నవల దీనికి ప్రేరకమైనను కథ యంతయు మనదే. ధవళేశ్వర గృహస్థొకడు ముఖస్తుతులకు లోబడి, బంగారము చేసెదనన్న బైరాగిని నమ్మి, సర్వమును గోలుపోయి దారిపట్టును. ఇది 1887లో ఆంగ్లమునకెక్కెను. సత్యరాజా పూర్వదేశయాత్రలందు స్త్రీలు పురుషులనేలు దేశమును గల్పించి, మన గృహములందలి యన్యాయమును తలక్రిందులుగా జూపిరి.

వ్రాసినదానిని వారు చేసి చూపిరి. 1881 డిసెంబరు 11వ తేదీన రాజమహేంద్రవరమున తమ యింట తొలి వితంతువివాహమును జరిపించిరి. కాకినాడ వర్తకులు పైడా రామకృష్ణయ్యగారు ధనసహాయము చేసిరి, విద్యార్థులు కావలి నిలిచిరి. మన పెద్దలో, వెలివేసిరి. వంటవారు రాలేదు, నీళ్ళు తెచ్చువారు లేరు. సహధర్మచారిణి రాజ్యలక్ష్మమ్మగారే గోదావరినుండి బిందెలతో నీరు మోసి, పెండ్లివారికి వండి పెట్టిరి. ఆ సాధ్వి 1910లో గతించిరి. అంతకుమున్నే, 1906లో, పంతులుగారు హితకారిణీ సమాజమును స్థాపించి యుండిరి. తుదకు గ్రాంథికపక్షమును వీడి, 1919లో గిడుగువారితో గలసి వ్యావహారికభాషకు చేయూతనిచ్చిరి. ఆ యేడే మే 27వ తేదీన మద్రాసున కీర్తిశేషులైరి.

ఇంకను గ్రాంథికమును విడువజాలని మేము ఈ మాట వ్రాయుచు కొంత సిగ్గుపడితిమి. వెలివేసిన చేతులే నేడు పూలమాల వేయుచున్నవి. మాల మాత్రము చాలదు. మన యిండ్లలో భర్తృహీనలైన యాడపడుచులను శుభకార్యములకు ముందువరుసన కూర్చుండబెట్టిన నాడే యీ ఋణము కొంత తీరును. మహాసభాపోషకులు రాజయ్యపేట మొదలు ప్రతి గ్రామపు బడికిని నీతికథామంజరి ప్రతి యొక్కటి చేర్చుదురుగాక యని ప్రార్థించుచు విరమించుచున్నాము.